అక్క మాటకు నేను వేసిన అతుకులు

ఈ విషయాన్ని కాగితం మీద పెట్టవలసిన అవసరం రెండు కారణాల వల్ల కలిగింది. ముప్ఫై మూడేళ్ళు తెలుగు పండితుడిగా ఉద్యోగం చేసిన నేను పోయిన వారం ఒక పదో తరగతి గదిలో, నల్లబల్ల ముందు నిలబడి, రెండు చిన్న వాక్యాలను కలపలేక సుద్దముక్క కింద పెట్టి బయటికి వచ్చేశాను. దానికి సంజాయిషీ ఇవ్వవలసిన బాధ్యత నాకున్నది. రెండవ కారణం మా అక్కకూ మా అన్నకూ నేను చేసిన అపచారం. అది ఇంతవరకు నోటిమాటగానే ఉన్నది. నా నోట పడిన మాట ఏ రూపు దాల్చగలదో నాకు అనుభవమే గనుక రాసి పెట్టడమే క్షేమమని భావిస్తున్నాను.

ముందుగా ఆ తరగతి సంగతి. వికారాబాదులో మా ఇంటికి నాలుగు సందుల అవతల ఉన్న పాఠశాలలో ఇప్పుడు తెలుగు చెప్పే ఉపాధ్యాయురాలు ఒకప్పుడు నా శిష్యురాలే. పరీక్షలు దగ్గరపడుతున్నాయనీ, సామాన్య వాక్యాలను సంశ్లిష్ట వాక్యంగా మార్చే పాఠం నేను చెబితే పిల్లలకు బాగా పట్టుబడుతుందనీ ఆమె కోరితే, ఇస్త్రీ చొక్కా తొడుక్కుని, గంట కొట్టడానికి పది నిమిషాల ముందే హాజరయ్యాను. బల్ల మీద ఆమె రెండు వాక్యాలు రాసి ఉంచింది. ‘అమ్మ పిలిచింది. కొడుకు వెళ్ళలేదు.’ ఇటువంటి జంటలను నేను నా జీవితంలో వేల కొద్దీ కలిపాను. పిలిచినా వెళ్ళలేదు అనాలి, అంతే. సుద్ద ఎత్తాను. చెయ్యి కదలలేదు. వెనక బెంచీ నుంచి ఒక అమ్మాయి, నేను ఆలోచిస్తున్నానని జాలిపడి కాబోలు, “పిలిచిందని అలిగి పోలేదేమో సార్” అన్నది. పక్కనున్న పిల్ల “ఏం కాదు, ఇనబడలే వానికి” అన్నది. మూడో పిల్ల లేచి, “సార్, గట్లనే ఉంచితె ఏమైతది?” అని అడిగింది. ఆమెను కూర్చోమనడానికి బదులు నేనే గది విడిచి వచ్చేశాను. నా శిష్యురాలు నాకు రక్తపోటు అనుకుని ఆటో పిలిపించింది.

మా అక్క మాటతీరు గురించి చెప్పకపోతే ఇది అర్థం కాదు. ముగ్గురిలో ఆమె పెద్దది, అన్న నడిమివాడు, నేను చివరివాణ్ణి. అక్కను పరిగి అవతల దోమ మండలంలోని ఒక ఊరికి ఇచ్చారు. బడికి వెళ్ళింది రెండేళ్ళో మూడేళ్ళో. ఆమె మాటలో కాబట్టి, అయినా, ఎందుకంటే అన్నవి నేను ఎన్నడూ వినలేదు. మా బావ చనిపోయిన ఏడాది నేను ఆమెను చూడబోయి ఎలా గడుస్తున్నదని అడిగితే, “మీ బావ పోయిండు. ఎద్దులను అమ్మలే. నాగలి నేనే పట్టిన” అని చెప్పి జొన్నరొట్టె వడ్డించింది. ఆ మూడు ముక్కల మధ్య ఎంత ఏడుపు, ఎంత మొండితనం, ఊళ్ళోవాళ్ళ ఎన్ని సలహాలు ఉండి ఉంటాయో ఆమె చెప్పలేదు. అప్పుడు నేను కొత్తగా ఉద్యోగంలో చేరినవాణ్ణి. చేతిలో ఎర్రసిరా కలం, నాలుక మీద వ్యాకరణం. “అక్కా, మాటకు మాటకు సంబంధం చెప్పాలె గదా” అని హితవు చెప్పాను. ఆమె రొట్టె మీద ఇంకొంచెం పప్పు వేసి, “ఇనెటోడు కలుపుకోడా తమ్మీ?” అన్నది. వినేవాడి మీద అంత భారం మోపడం అన్యాయమని నా అభిప్రాయం. చాలా ఏళ్ళు ఆ అభిప్రాయం మీదనే ఉన్నాను.

తాండూరులో మా అన్న ఇంట్లో మాటలను కలిపే ఈ సంబంధార్థకాలకు కొరత వేరే కారణం చేత వచ్చింది. అన్న అక్కడి నాపరాళ్ళ పాలిష్ మిషన్ల దగ్గర మూడు దశాబ్దాలు మేస్త్రీగా ఉన్నాడు. ఆ మోత ఆయన చెవులను కొంచెం కొంచెంగా అరగదీసి, ఉద్యోగం మానే నాటికి పూర్తిగా నునుపు చేసి పెట్టింది. ఇంట్లో ఆయనతో మాట్లాడాలంటే పలకా బలపం కావాలి. మా వదిన పలక మీద ఒక మాట రాసి కళ్ళ ముందు ఆడిస్తుంది. ‘బువ్వ.’ ‘మందు.’ ‘నల్లొచ్చింది,’ అంటే కుళాయిలో నీళ్ళొచ్చాయని. నేను వెళ్ళినప్పుడల్లా ఆ పలకను పట్టుకుని, ‘భోజనం సిద్ధమైనందున రావలసింది’ అని దిద్దేవాణ్ణి. మా వదిన “నీ రాత చదివెలోపు బువ్వ సల్లారిపోతది మరిదీ” అనేది. నేను దానిని ఆమె చదువులేమి కింద జమకట్టేవాణ్ణి.

ఇక అసలు సంగతి. మా అవ్వ, అంటే మా తల్లి, అన్న ఇంట్లోనే పోయింది. నడివేసవి. తెల్లవారుతూనే అందరికీ కబురు పంపాము. అక్క దోమ వైపు నుంచి పరిగికి వచ్చి, అక్కడినుంచి తాండూరు బస్సు పట్టుకోవాలి. ఆనాడు ఇంట్లో అందరూ ఏడుస్తూ కూర్చుంటే, ఎవరో ఒకరు నిబ్బరంగా ఉండాలి గదా అని నేను ఒక కాగితం తీసుకుని, స్నానం ఎన్ని గంటలకు, పాడె కట్టడం ఎన్ని గంటలకు, కదలడం ఎన్ని గంటలకు అన్నది వరుసగా రాసుకున్నాను. కదలడం అయిదింటికి. అయిదు కావస్తుండగా అక్క ఇంకా రాలేదు. అన్న వాకిట్లో నిలబడి సందు చివరికి చూస్తున్నాడు. అప్పటికి ఆయన చెవులు సగం పనిచేసేవి. “అక్కను రానిద్దాం రా. జరసేపు ఆగుదాం” అన్నాడు. నేను గడియారం చూపించాను. ఎండ తీవ్రంగా ఉన్నందువల్ల ఇక ఉంచరాదనీ, పొద్దు వాలితే ఇబ్బంది కాబట్టి పెద్దలందరూ తొందరపడుతున్నారనీ, అక్క ఎప్పుడు వస్తుందో తెలియదు గనుక ఆగడంలో అర్థం లేదనీ చెప్పాను. నిజానికి పెద్దలెవరూ తొందరపడలేదు. నా వాక్యం ఎక్కడా తెగలేదు. దానిలో దూరడానికి అన్నకు సందు దొరకలేదు. కదిలాము.

మేము తిరిగివచ్చి వాకిట్లో కాళ్ళు కడుక్కుంటుండగా, సందు చివర ఆగి ఉన్న ఆటోలోంచి అక్క దిగింది. పరిగిలో బస్సు దొరకక, మూడు ఆటోలు మారి వచ్చిందట. అయిదున్నరకే చేరి, అప్పటినుంచి ఆటోలోనే కూర్చున్నదట. ఆమె మా తడికాళ్ళ వంక చూసి, “అయిపాయెనా?” అన్నది. గడప తొక్కలేదు, ఏడవలేదు. అదే ఆటోలో వెనక్కి వెళ్ళిపోయింది. తలకొరివి పెట్టినవాడు అన్న. ఇంటికి పెద్దకొడుకు. కాబట్టి తప్పు ఆయనదే అని లోకమూ అనుకున్నది, అక్కా అనుకున్నది. ఏడేళ్ళు ఆ ఇద్దరికీ మాటల్లేవు. ఆ ఏడేళ్ళలో నేను దోమకూ వెళ్ళాను, తాండూరుకూ వెళ్ళాను, రెండు ఇళ్ళలోనూ తిన్నాను. గడియారం సంగతి అన్న ఎత్తలేదు. నేనూ ఎత్తలేదు.

ఈ వానకాలంలో అక్క నాకు ఫోను చేసి “రా” అని పెట్టేసింది. మరునాడే వెళ్ళాను. కందిచేనులో కలుపు తీస్తున్నది. మా ఇంటి వాడుక ఒకటున్నది. ఇద్దరికి మాటలు లేనప్పుడు మూడోవారు మాట మోయాలి. ఫోనులో చెప్పరాదు. మోసినవాడు ఆ మాట చెప్పేదాకా ఎదుటివారింట మంచినీళ్ళు ముట్టరాదు. ఆమె నడుము ఎత్తకుండానే, చేతిలో గడ్డి పిడికిలితోనే చెప్పింది.

“మీరిద్దరు ఆగలే. నేనొచ్చిన. ఏడేండ్లాయె. వాని చెవులు పోయినయంట. నేను పెద్దదాన్ని.”

నేను ఇంకా ఉన్నదేమోనని చూశాను. ఆమె తర్వాతి సాలులోకి పోయింది. “అంతేనా అక్కా?” అంటే, “ఇంకేమున్నది? ఉన్నది ఉన్నట్టు చెప్పు” అన్నది.

మరునాడు పొద్దున తాండూరుకు పాసింజరు బండి ఎక్కాను. అక్క మాటలు జేబులో ఉన్న చిన్న నోటుపుస్తకంలో ముందుగానే రాసి పెట్టుకున్నాను, మరపు రాకుండా. మధ్యలో ఒక చిన్న స్టేషనులో బండిని ఎదురుబండి కోసం ఆపేశారు. కూర్చోబుద్ధి కాలేదు. నిలబడి, కూర్చుని, కిటికీ మార్చి, చివరికి నోటుపుస్తకం తీశాను. ఆ అయిదు ముక్కలు అలా విడివిడిగా, దారిలో పోసిన రాళ్ళలాగా కనబడ్డాయి. ఇలా చూపిస్తే అన్న ఏమనుకుంటాడు? నిష్ఠూరమా, రాజీయా తెలియవద్దా? బండి కదిలేలోగా కింది పేజీలో ఒక మంచి వాక్యం తయారైంది. ‘అవ్వ పోయిన రోజున నువ్వు నా కోసం ఆగకపోయినప్పటికీ, ఏడు సంవత్సరాలు గడచినందువల్లను, నీకు వినికిడి పోయినదని తెలిసినందువల్లను, నేను నీకంటె పెద్దదానిని కాబట్టి, నేనే తగ్గి నీతో మాట కలపదలచుకున్నాను.’ అంత భావానికి ఒకే ఒక్క సమాపక క్రియ. తాండూరులో దిగేటప్పుడు నేను సంతోషంగా ఉన్నానని ఒప్పుకోవాలి.

పలక చాలలేదు. వెనకవైపు కూడా రాశాను. అన్న ముందువైపు చదివి, తిప్పి, వెనకవైపు చదివి, మళ్ళీ ముందుకు తిప్పాడు. తరువాత అరచేత్తో మొత్తం తుడిచేశాడు. చెవులు లేనివాళ్ళకు తమ గొంతు ఎంత పెద్దదో తెలియదు. సందంతా వినబడేటట్టు, “తగ్గుతదా? నా మీద జాలిపడి తగ్గి వస్తదా? నా చెవులు పోయినయిరా, సిగ్గు పోలే. రావద్దను!” అన్నాడు. మా వదిన వంటింట్లో నుంచి పరుగెత్తుకొచ్చి, “ఏం రాసినవయ్యా మరిదీ?” అన్నది. నేను మంచినీళ్ళు తాగి స్టేషనుకు వచ్చేశాను.

రెండు రోజులకు అక్క ఫోను. “చెప్పినవా?” “చెప్పిన.” “ఏమన్నడు?” నేను అప్పుడు కూడా ఉన్నదున్నట్టు చెప్పలేదు. ఒంట్లో బాగా లేనందువల్ల ఆలోచించి చెబుతానన్నాడని అల్లాను. అక్క “గట్లనా” అని పెట్టేసింది. ఆ తరువాత మూడు వారాలు నాకు నిద్ర సరిగా లేదు. పొద్దున నడకకు బయలుదేరి సగం దారి నుంచి వెనక్కి వచ్చేవాణ్ణి. పేపరు చదువుతూ అచ్చుతప్పులు కూడా దిద్దడం మానేశాను, ఇంట్లోవాళ్ళు దానికి భయపడ్డారు. అన్నకు డెబ్బయి దాటాయి, అక్కకు ఎనభై దగ్గరపడుతున్నాయి. ఇంకో ఏడేళ్ళు ఎవరి దగ్గర ఉన్నాయి?

ఒక ఉదయం నోటుపుస్తకం తెరిచి పై పేజీనీ కింది పేజీనీ పక్కపక్కన పెట్టుకుని, పాత అలవాటు కొద్దీ ఎర్ర పెన్సిలు తీసి సరిచూశాను. అక్క ‘మీరిద్దరు’ అన్నది. నేను ‘నువ్వు’ అని రాశాను. ఆమె తగ్గుతాననలేదు. ఆ మాట నాది. పెద్దదాన్ని అని మాత్రమే అని ఊరుకున్నది. పెద్దదాన్ని, నాకోసం ఆగవలసింది అనా? పెద్దదాన్ని, ముందు పోయేది నేనే అనా? మిమ్మల్ని చంకనెత్తుకుని తిరిగినదాన్ని అనా? ఏది ఎంచుకుంటాడో అన్నకు వదిలింది. ఆ ఎంపికను నేను దారిలోనే లాగేసుకున్నాను. పైగా ఆ ఇద్దరిలోంచి ఒకణ్ణి తప్పించాను. తెలియక చేశానని ఇక్కడ రాయబోయాను. రాయలేను.

మళ్ళీ తాండూరు వెళ్ళాను. ఈసారి కాఫీ వద్దని, కూర్చోక, పలక తీసుకుని అయిదు ముక్కలూ ఒకదాని కింద ఒకటి, అక్క అన్న వరుసలో రాసి అన్నకిచ్చాను. పలకలో సగం కూడా నిండలేదు. అన్న చదివాడు. తుడవలేదు. ఒళ్ళో పెట్టుకుని మళ్ళీ చదివాడు. చివరి ముక్క దగ్గర ఆయన వేలు ఆగింది. “ఆకలైతే నాకు తన రొట్టె పెట్టేది” అన్నాడు, ఆయన గొంతుకు చాలా చిన్నగా. తరువాత వేలు పైకి పోయి మొదటి ముక్క మీద నిలిచింది. తలెత్తి నన్ను చూశాడు. “ఇద్దరా? మొన్న నన్నొక్కన్నే రాస్తివి గదరా.” నేను తల దించుకున్నాను. “గడియారం నీదే గదా?” వదిన చేతిలో గ్లాసు అలాగే ఉండిపోయింది. ఏడేళ్ళలో ఆమె కూడా ఈ మాట వినలేదన్నమాట. ఇంత కాలం ఎందుకు చెప్పలేదని పలక మీద అడిగాను. “చిన్నోనివి. అయిపోయింది. ఏం చెప్పాలె?” అన్నాడు. ఆయన కూడా అక్క తమ్ముడే. లేచి చొక్కా తొడుక్కున్నాడు. “నడువు. దిద్దుకో.”

పరిగి బస్సులో గాని, దోమ వైపు షేరు ఆటోలో గాని మేమిద్దరం మాట్లాడుకోలేదు. ఆయనకు చెవులు లేవు, నాకు మొహం లేదు. సందు మలుపులో ఆటో దిగగానే అక్క వాకిట్లో కనబడింది, చాటలో పెసలు చెరుగుతున్నది. చాట కింద పెట్టలేదు. అన్న వెళ్ళి ఆమె పక్కన నేల మీదనే కూర్చున్నాడు. ఆమె చెయ్యి చాచి ఆయన చెవిని పట్టుకుని, చిన్నపిల్లల చెవిలో మురికి చూసినట్టు అటూ ఇటూ తిప్పి చూసింది. ఏదో అన్నది. ఆయన వినలేదు. అయినా ఏదో బదులు చెప్పాడు. నేను పలక ముందుకు పెట్టబోతే, “నువ్వు రాయకు” అన్నది అక్క, నా వైపు తిరగకుండానే.

అప్పుడు నేను చెప్పడం మొదలుపెట్టాను. ఆనాడు ఎండ మండిపోతుండడం వల్ల, పెద్దలు తొందరపడుతున్నందువల్ల, నువ్వు ఎప్పుడు వస్తావో తెలియని పరిస్థితిలో అంటూ అదే వాక్యాన్ని మళ్ళీ ఎత్తుకున్నాను. సగంలో చాట ఆగింది. “పాఠం వద్దు తమ్మీ. పోదామన్నది ఎవరు?”

“నేను” అన్నాను. “అన్న ఆగుదామన్నడు.”

ఆ రెండింటి మధ్య పెట్టడానికి నా దగ్గర ఏమీ మిగలలేదు. నా జీవితంలో నేను పలికిన అతి చిన్న వాక్యాలు అవే కావచ్చు. అక్క చాట పక్కన పెట్టి లోపలికి వెళ్ళింది. ఇద్దరికీ మంచినీళ్ళు తెచ్చింది. ఇద్దరికీ పెట్టింది. అన్నతో మాట్లాడుతూనే ఉన్నది. వినబడని మనిషితో అంతసేపు మాట్లాడగలగడం నేనెక్కడా చూడలేదు. వాళ్ళిద్దరూ నవ్వారు కూడా. నాతో ఒక్క మాట అనలేదు. బయలుదేరేటప్పుడు అన్న భుజం తట్టి “మళ్ళ రా” అన్నది. నేను నమస్కారం పెడితే చాట అందుకున్నది.

అది జరిగి నాలుగు నెలలు. ఈ నాలుగు నెలల్లో మూడుసార్లు ఫోను చేశాను. ఆమె కోడలు ఎత్తి, “అత్తమ్మ చేన్ల ఉన్నది మామయ్యా” అన్నది మూడుసార్లూ. నల్లబల్ల ముందు నా చెయ్యి ఎందుకు ఆగిందో పాఠకులకు ఇప్పుడు తెలిసి ఉంటుంది. పిలిచిందా, లేదా? వెళ్ళలేదా, వెళ్ళలేకపోయాడా? ఆ సందులో ఎవరు ఎంతకాలంగా నిలబడి ఉన్నారో తెలియకుండా దానిని పూడ్చడం ఇక నా వల్ల కాదు.

నిన్న మధ్యాహ్నం తాండూరు బండి దిగి మా అన్న వచ్చాడు. చెవులు లేని మనిషి, ఒంటరిగా. ఇంట్లోవాళ్ళు కుర్చీ వేసినా కూర్చోలేదు, నీళ్ళిస్తే చేత్తో వద్దన్నాడు. మాట మోసుకొచ్చాడని నాకు అర్థమై లేచి నిలబడ్డాను. మొన్న దోమకు వెళ్ళాడట. అక్క చెబుతుంటే కోడలు రాసి చూపిందట, ఆయన దారి పొడుగునా వల్లెవేసుకున్నాడట. గొంతు సవరించుకుని, బడిపిల్లవాడు పద్యం అప్పజెప్పినట్టు చెప్పాడు. “కందికోత మొదలైంది. పొద్దుగాల తొమ్మిదింటికి బస్సున్నది.” అప్పుడు గ్లాసు అందుకుని నీళ్ళు తాగాడు.

నేను కాగితం తెచ్చి ‘రమ్మన్నట్టా?’ అని రాసి చూపాను. “మాట మోసిన. అంతే” అన్నాడు. ‘ఇంకేమైనా అన్నదా? మొహం ఎట్లా ఉన్నది?’ అని రాశాను. ఆయన కాగితం మడిచి నా జేబులోనే పెట్టి, సాయంత్రం బండికి వెళ్ళిపోయాడు. నిన్నటి నుంచి ఆ రెండు ముక్కల చుట్టూ తిరుగుతున్నాను. కోత ఉంది కాబట్టి తీరిక లేదు అని అనుకున్నాను. కోత ఉంది కాబట్టి చేతులు కావాలి అని అనుకున్నాను. ఎవరికో చెప్పిన బస్సు సమయాన్ని అన్న నాకు అంటగట్టాడేమోనని కూడా అనుమానించాను. ఏదీ కుదురుగా నిలవలేదు. పొద్దున ఆరింటికే తయారై కూర్చుని ఇది రాస్తున్నాను. బస్సుకు ఇంకా రెండు గంటలకు పైగా ఉన్నది. ఆనాడు నేను ఆగలేకపోయింది అరగంట. ఆ అరగంట నా లెక్కలో ఇంకా గడవలేదు.

ఇందులో పొరపాట్లు ఉంటాయి. తొందరలో రాశాను, తిరిగి చదవడానికి వేళ లేదు. చదివిన పెద్దలు సరిదిద్ది పంపితే కృతజ్ఞుణ్ణి. ముఖ్యంగా, మా అక్కా అన్నా అనని కారణాన్ని ఎక్కడైనా వారి నోట నేను పెట్టి ఉంటే, దయచేసి మొహమాటపడకుండా కొట్టివేయండి.